కొట్టినవాడు లేని దెబ్బ

"దెబ్బ ఎట్ల తాకింది మేడం?"

ఈ మాట ఇంకొక్కరు అడిగితే చేతికర్రతో ఒక్కటి వేసి, "ఇగో, గిట్ల తాకింది" అని చూపించాలని ఉంది. జూన్ నుంచి అడుగుతూనే ఉన్నారు. స్టాఫ్ రూములో, బస్టాండులో, కూరగాయల బండి దగ్గర, చివరికి పెండ్లి పందిట్లో అక్షింతలు చేతిలో పట్టుకుని కూడా. నా ముఖం చూడరు. వంగి కాలు చూస్తారు, నాలుక చప్పరిస్తారు, వాళ్ల మేనత్తకు ఇట్లాగే అయితే మోకాలి దాకా తీసేశారన్న కథ ఎత్తుకుంటారు. ఎద్దు పుండు కాకికి ముద్దు అని మనవాళ్లు ఊరికే అనలేదు.

నా కాలు దక్కింది. రెండు వేళ్లు పోయాయి, మిగతాది నాదే. నడుస్తున్నాను, బడికి పోతున్నాను, నిలబడి కాకపోయినా కుర్చీలో కూర్చుని పాఠం చెప్తున్నాను. ఇక రాయొచ్చు అనిపించింది. ఎవరినో ఓదార్చడానికి కాదు, ఓదార్పు అంటే నాకిప్పుడు ఒళ్లు మంట. షుగరున్నవాళ్లు ఇది చదివి ఒక్కసారి తమ అరికాళ్లు తిప్పి చూసుకుంటే చాలు.

నేను పాలమూరు దగ్గర ఒక ఉన్నత పాఠశాలలో తెలుగు చెప్తాను. బడిలో లక్ష్మి మేడాన్ని, పుట్టింట్లో లచ్చిని. మావాళ్లు గొర్ల కాపరులు. నాయిన పోయాక మంద మా అన్న మల్లయ్య చేతికి వచ్చింది. ఊరి చివర గుట్ట కింద మా ఇల్లు, ఇంటి పక్కనే దొడ్డి, చుట్టూ తుమ్మకంప, కంప వెనక సీతాఫలం చెట్లు. ఆ దొడ్డిలోకి చెప్పులతో ఎవరూ పోకూడదు. మంద అంటే లక్ష్మి, లక్ష్మి మీదికి చెప్పుకాలు పెడతామా అంటుంది అమ్మ. ఒకసారి పశువుల డాక్టరు గొర్లకు సూదులు వేయడానికి వస్తే, మా అన్న ఆయన బూట్లు విప్పించి, మేజోళ్లు కూడా విప్పించి, అప్పుడు గానీ లోపలికి రానివ్వలేదు. ఆయన గెంతుకుంటూ నడవడం ఊరంతా చెప్పుకుని నవ్వారు. నేనూ నవ్వాను.

బడులు తెరిచిన వారంలో ఆదివారం నాడు అమ్మను చూడటానికి పోయాను. "నల్లగొర్రె రెండు పిల్లలను ఈనిందే, పోయి చూసి రాపో" అంది. చెప్పులు కంప దగ్గర విడిచి లోపలికి పోయాను. పిల్లలను ఒళ్లో పెట్టుకున్నాను, అన్నతో కాసేపు ముచ్చట పెట్టాను. మళ్లీ చెప్పులు తొడుక్కుని బస్సెక్కి, పాలమూరులో దిగి, మార్కెట్లో నాలుగు కూరలు కొని ఇంటికి నడిచి వచ్చాను. వంటింట్లో చాయ్ పెడుతుంటే మా ఆయన వెంకటేశ్ గడప దగ్గర ఆగిపోయాడు.

"ఏందే, ఇల్లంత గీ నెత్తురు అడుగులు?"

చూస్తే ఆ అడుగులు నావే. ఎడమ పాదంలో, వేళ్ల మొదట్లో తుమ్మముల్లు విరిగి లోపలే ఉంది. అంత దూరం దాని మీద నడిచాను, బస్సులో దాని మీదే నిలబడ్డాను, నాకు చీమ కుట్టినంత కూడా తెలియలేదు. కొన్నేళ్లుగా పాదాలు మొద్దుబారినట్టు ఉంటే, రోజంతా నిలబడి పాఠం చెప్పే కాళ్లు కదా, అలిసిపోయాయి అనుకునేదాన్ని.

మా ఆయన కరెంటు లైన్‌మన్. పిన్నీసు కాల్చి, తిప్పలుపడి ముల్లు తీశాడు.

"నొస్తలేదా?"

"లేదు."

"గట్టిదానివే!" అని మెచ్చుకున్నాడు. ఆ మెప్పు తలుచుకుంటే ఇప్పటికీ నాకు కోపం వస్తుంది, ఆయన మీదా, దానికి మురిసిపోయిన నా మీదా. నొప్పి లేకపోవడాన్ని ఇద్దరం కలిసి ధైర్యం అనుకున్నాం.

వారం తిరిగేసరికి పాదం ఉబ్బి బూరెలా తయారైంది. సెలవు పెట్టాను. పరామర్శలు మొదలయ్యాయి. షుగరు మనిషి ఇంటికి వస్తూ ఒకరు తియ్యటి బ్రెడ్డు, ఒకరు అరటిపండ్లు, ఒకరు బిస్కెట్లు. తినలేనంటే "ఒక్కటి తింటే ఏం గాదు తియ్యి" అని బలవంతం. అందరిదీ ఒకే ప్రశ్న, దెబ్బ ఎట్ల తాకింది? ముల్లు గుచ్చుకుందంటే వాళ్లకు చాలదు. ఎక్కడ, ఎవరింట్లో, ఎవరు పొమ్మన్నారు, పోయేటప్పుడు ఎవరు ఎదురొచ్చారు?

మంచం మీద పడి ఉన్నవాడికి పని ఉండదు, నాకు ఉన్న పని మాటలే. దెబ్బ అన్న మాటను పట్టుకున్నాను. దెబ్బ అంటే మొదట కొట్టడం. కర్రదెబ్బ, చెప్పుదెబ్బ, దొంగదెబ్బ. కొట్టే చెయ్యి ఒకటి ఉండి తీరాలి. ఆ తర్వాత కొట్టిన చోట మిగిలినదాన్ని కూడా దెబ్బే అన్నాం. ఇక అక్కడ నుంచి ఆపలేదు. ఎండ కొట్టినా దెబ్బే, ధర పడిపోయినా దెబ్బే, వాన లేక కంది ఎండితే పంట దెబ్బతిన్నది అంటాం. అన్నం తిన్నట్టు దెబ్బ కూడా తింటాం మనం. ఇన్ని అర్థాలు వచ్చినా మొదటి అర్థం చావలేదు. దెబ్బ అనగానే అడిగేవాడి కండ్లు కొట్టినవాడి కోసం వెతుకుతాయి. ఎవరూ దొరక్కపోతే దిష్టి కొట్టింది అంటారు, గాలి కొట్టింది అంటారు. నాకూ ఎవరో ఒకరు కావాలనిపించింది. తొందరలోనే దొరికాడు.

జులైలో ముసురు పట్టింది. దానితో పాటే నాకు జ్వరం. మా ఆయనకు ఆ వానల్లో ఎక్కడ స్తంభం కూలితే అక్కడ డ్యూటీ. నన్ను చూసేవాళ్లు లేరని ఊరికి తీసుకుపోయి అమ్మ దగ్గర దింపాడు. అమ్మ ఆ పూటే పత్యం పెట్టింది. పప్పు తింటే చీము పడుతుందట, గుడ్డు తింటే దురద పెడుతుందట, పెరుగు తింటే పుండు నీరు పడుతుందట. పోపు వాసన తగలకుండా నా మంచం వసారాలోకి మార్చింది. ఇక మిగిలింది కారం మెతుకులు. మానడానికి ఒంట్లో ఏదైనా ఉండాలి కదా అని అడిగే ఓపిక నాకు లేదు.

అన్న కట్టు విప్పి చూశాడు. గొర్రె డెక్కను చూసినట్టే పాదాన్ని ఒళ్లో పెట్టుకుని, వేళ్లు విడదీసి, వాసన చూశాడు.

"ఇంతదానికి దవాఖాన ఎందుకే లచ్చీ? గొర్రెకు పుర్గు వడ్డా గీ ఆకే పెడ్త. నాలుగొద్దులల్ల మేతకు నడుస్తది."

"నాకు షుగరుంది అన్నా. మనిషికీ గొర్రెకూ తేడా లేదా?"

"తోలు తోలే గద. నువ్వు ఊకో, నాకు ఎర్కే."

నేను వద్దన్నాను. రెండుసార్లు గట్టిగా వద్దన్నాను. మా ఆయనకు ఫోను చేస్తే, "మీ అన్నకు తెల్వదా? ఎన్ని గొర్లను బతికిచ్చిండు" అన్నాడు. ఆ సాయంత్రం జ్వరం ముంచుకొచ్చి నాకు తెలివి తప్పినట్టయింది. మళ్లీ తెలివి వచ్చేసరికి పాదం నిండా పచ్చటి ముద్ద. సీతాఫలం ఆకు నూరి, మందంగా పెట్టి, గుడ్డతో బిగించి కట్టాడు. అమ్మ నా నెత్తి నిమురుతూ, "ఇగ నీకేం ఫికర్ లేదు బిడ్డా" అంది.

గొర్రె పుండులో పురుగులుంటే ఆ పసరు ఘాటుకు చస్తాయి, నిజమే. చిన్నప్పటి నుంచి చూశాను. ఆ ఘాటుకు గొర్రె తన్నుకుంటుంది, ఇద్దరు పట్టుకోవాలి. నేను తన్నుకోలేదు. నా పాదానికి మంట తెలిసి ఉంటే నేనూ తన్నుకునేదాన్ని, అన్న కట్టు విప్పేవాడు. నాకు ఏమీ తెలియలేదు. అన్న రోజూ ఆకు మార్చి, "చూసినవా, సప్పుడు లేకుండ మానుతుంది" అనేవాడు. తర్వాత ఒక పొద్దున అన్న కట్టు విప్పి, చేతిలోని ఆకుముద్ద పక్కన పెట్టేశాడు. చిటికెన వేలు, దాని పక్క వేలు నల్లగా, కాలిన కట్టెముక్కల్లా ఉన్నాయి.

పాలమూరు దవాఖానలో డాక్టరును చూడటానికి ముందు చాలాసేపు హాల్లో కూర్చున్నాం. అక్కడ కూడా అదే ప్రశ్న. మా ఎదురుగా ఉన్నవాళ్లు, మా వెనకవాళ్లు, చీటీలు చింపే అతను, అందరూ. ఒక ముసలమ్మ మాత్రం అడగలేదు. ఆమె కాలుకూ పెద్ద కట్టు ఉంది. నా వంక చూసి, తన గుడ్డల సంచిని బెంచీ మీద నుంచి దించి నా ముందుకు జరిపింది.

"కాలు దాని మీద పెట్టుకో బిడ్డా. కిందికి ఏలాడేస్తే గుంజుతది."

నా కాలు వాసన వస్తోంది, సంచిలో ఆమె చీరలున్నాయి. "వద్దవ్వా" అన్నాను. "పెట్టు తియ్యి" అని తనే ఎత్తి పెట్టింది. తర్వాత మళ్లీ తలుపు వైపు చూస్తూ కూర్చుంది. ఆమె పేరు కూడా నాకు తెలియదు. అన్ని నెలల్లో నాకు ఏడుపు వచ్చింది అక్కడే.

డాక్టరు కట్టు విప్పుతూనే ముఖం చిట్లించాడు. "ఏం పెట్టిండ్రమ్మా దీని మీద?"

అన్న చెప్పాడు. దాచలేదు, గొప్పగానూ చెప్పలేదు.

"రెండు వేళ్లు తీసెయ్యాలె. ఇంక ఆలస్యం జేస్తే పాదం పోతది. పాదం తోటి ఆగుతదని గూడ నేను చెప్పలేను."

పాదం లేకుండా మెట్లెక్కడం, బస్సెక్కడం, నల్లబల్ల ముందు నిలబడటం, ఒక్కొక్కటీ కండ్ల ముందు తిరిగింది. ఇంతలో అన్న డాక్టరు ముందు చేతులు జోడించాడు.

"కొయ్యకుండ్రి సారూ. కోసుడు మొదలైతే ఆగది. ఇయ్యాల వేలంటరు, రేపు మడిమె అంటరు. కుంటిది మందల నిలువది సారూ."

కుంటిగొర్రె సంగతి నాకూ తెలుసు. మేతకు నడవలేనిదాన్ని మా ఇంట్లో కటికెవాడికి అమ్మేస్తారు. వాడు వచ్చే రోజు చిన్నప్పుడు నేను ఇంట్లో ఉండేదాన్ని కాదు. ఇప్పుడు అన్న నోట నా గురించి ఆ మాట వినేసరికి నాలో ఉన్న భయమంతా కోపమైపోయింది.

"అన్నా, నేను గొర్రెను కాను. నా కాలును ఇంత చేసింది నువ్వే. బయటికి పో."

హాలంతా వినిపించేలా అరిచాను. అన్న బయటికి పోయాడు. ఆపరేషన్ కాగితం మీద నా సంతకం నేనే పెట్టుకున్నాను.

వేళ్లు తీసేశాక అసలు భయం మొదలైంది. రోజూ కట్టు విప్పుతారు, నలుపు పైకి పాకిందా లేదా చూస్తారు, "రేపు చూద్దాం" అంటారు. ఆ రేపటి కోసం ఇరవై నాలుగు గంటలు చచ్చి బతకాలి. కట్టు విప్పేటప్పుడు నేను కాలు చూసేదాన్ని కాదు, నర్సు ముఖం చూసేదాన్ని. ఆమె కనుబొమ్మలు కదలకపోతే ఆ రోజుకు బతికిపోయినట్టు.

ఆ నర్సు దెబ్బ అనేది కాదు. "గాయం ఎర్రగ వస్తుంది మేడం, మంచిదే" అనేది. గాయం అంటే మర్యాదగా ఉంటుంది కాబట్టి టీచరమ్మ దగ్గర ఆ మాట వాడేది. నాకు ఆ మాట మీద కూడా అనుమానం వచ్చి, నిఘంటువు తెమ్మని మా ఆయనకు చెప్పాను. మొదట పదోతరగతి గైడు తెచ్చాడు. రెండోసారి నిఘంటువే తెచ్చాడు. వెతికితే గాయం వెనక ఉన్నది ఘాతం. కొట్టడం, చంపడం. ప్రాకృతంలో ఘాయమై, మన దగ్గర ఒత్తు పోగొట్టుకుని గాయమై, మెత్తబడింది. హిందీవాళ్ల ఘావ్, మన హైదరాబాదువాళ్లు ఘాయల్ అయ్యిండంటారే అది, అన్నీ ఒకే ఇంటివి. విశ్వాసఘాతం, ఘాతుకం కూడా ఆ ఇంటివే. అంటే మర్యాద మాట కూడా పోయి పోయి కొట్టినవాడి దగ్గరికే చేరింది. పుండు ఒక్కటే ఎవరినీ వెతకదు. అది ఒంటిది, ఒంట్లోనే పుడుతుంది, ఎవడు చేశాడని అడగదు. ఆ మాటను మాత్రం నా ముందు ఎవరూ అనరు, మోటట.

నిఘంటువు మూసి, ఘాతుకుడి జాగాలో మా అన్నను కూర్చోబెట్టాను. నాకు అంతకంటే ఏమీ అక్కర్లేకపోయింది.

అన్న దవాఖాన వదిలి పోలేదట. మందను పాలివాడికి అప్పజెప్పి, మెట్ల కింద కూర్చుంటున్నాడని మా ఆయన చెప్పాడు. "మంద ఇడిసిపెట్టి వచ్చిండే. ఊకె నీళ్లు తాగుతడు, ఊకె బయటికి పోయొస్తడు. మనసుల పెట్టుకున్నడు. ఒకసారి లోపలికి రమ్మంటవా?"

"పోయి గొర్లనే చూసుకొమ్మను."

అమ్మ మాత్రం నా మంచం పక్కనే ఉంది. దవాఖానలో రోజూ పప్పు, ఉడికించిన గుడ్డు ఇస్తారు. పుండు పూడాలంటే తినాలని నర్సు చెప్పిపోతుంది. నేను కండ్లు మూసుకోగానే అమ్మ గుడ్డు తీసి కొంగులో కట్టుకునేది. ఒకరోజు పట్టుకున్నాను.

"చీము వడ్తది బిడ్డా, నా మాట ఇను."

"మీ మాటలు విని విని ఇక్కడికొచ్చిన. ఆ గుడ్డు ఇటియ్యి."

కొంగు విప్పి గుడ్డు నా చేతిలో పెట్టింది. నేను ఆమె ముఖం చూస్తూనే ఆ గుడ్డు మొత్తం తిన్నాను. ఆ సాయంత్రం అమ్మ ఊరికి పోయింది. రోగం పాదంలో ఆగిందో లేదో ఇంకా తేలలేదు గానీ, ఇంట్లో మాత్రం పాకవలసినంత పాకింది.

సెప్టెంబర్‌లో ఇంటికి పంపారు. నలుపు ఆగింది, పాదం ఉంటుందని డాక్టరు తేల్చి చెప్పిన రోజు మా ఆయన దవాఖాన వరండాలోనే కండ్లు తుడుచుకున్నాడు. మెత్తటి మందపాటి అట్టలున్న చెప్పులు ఇచ్చారు. ఇంట్లో కూడా వాటితోనే నడవాలి. అద్దం కింద పెట్టి రోజూ అరికాళ్లు చూసుకోవాలి. బతుకమ్మ పండుగకు అమ్మ పిలవలేదు, నేను పోలేదు.

దసరా దాటాక అమ్మ దగ్గర నుంచి ఫోను వచ్చింది. "నల్లగొర్రె పిల్లలు పెద్దగైనయి" అంది. అంతే అంది. ఆ మాటకు అర్థం నాకు తెలుసు, మా ఇంట్లో రమ్మని బతిమాలడం అట్లాగే ఉంటుంది. మా ఆయన బండి మీద తీసుకుపోయాడు. నేను పోయింది కలిసిపోవడానికి కాదు. నా కాలు వాళ్లకు చూపించి, ఇగో మీ పత్యం, ఇగో మీ ఆకు అని చెప్పి రావడానికి పోయాను.

అన్న దొడ్డిలో ఉన్నాడు. సన్నబడ్డాడు, చెంపలు లోపలికి పోయాయి. కంప దగ్గర అలవాటుగా చెప్పులు విడవబోయాను.

"ఇడ్వకు" అన్నాడు లోపల నుంచి. "చెప్పులతోనే రా."

వసారాలో ఉన్న అమ్మ ఆ మాట వింది. ముఖం పక్కకు తిప్పుకుంది. పశువుల డాక్టరు బూట్లు విప్పించిన దొడ్డిలోకి నేను చెప్పులతో నడిచాను. పెంట అట్టలకు అంటుకుంది. చెప్పాలని మోసుకొచ్చిన మాటలన్నీ నాలుక మీద ఉన్నాయి. అన్న నా ముందు నడుస్తున్నాడు, పిల్లలను చూపిద్దామని. అతని మడమ ఆనిన చోటల్లా నేల మీద ఎర్రటి మచ్చ పడుతోంది.

"అన్నా, ఆగు. కాలు లేపు."

"ఏమైందే?"

"లేపమంటున్న గద."

లేపాడు. మడమలో తుమ్మముల్లు మొదలుదాకా దిగి ఉంది.

"నొస్తలేదా?"

"దేనికి నొప్పి?" అన్నాడు. నిజంగానే అడిగాడు. దవాఖాన మెట్ల కింద తాగిన నీళ్లు, లోపలికి పోయిన చెంపలు, అన్నీ నాకు ఒక్కసారి తట్టాయి.

అన్న ముల్లు చూసి, "ఓస్, గింతేనా" అని రెండు వేళ్లతో పీకేశాడు. పీకిన చేత్తోనే, చూడను కూడా చూడకుండా, కంప మీదికి వాలిన సీతాఫలం కొమ్మ అందుకుని ఆకు తుంచాడు.

ఆ చేతి మీద నాకున్న బలమంతా పెట్టి కొట్టాను. ఆకు ఎగిరి పెంటలో పడింది. గొర్లు బెదిరి ఒక మూలకు ఒదిగాయి. మా ఇంట్లో చెల్లె అన్న మీద చెయ్యి చేసుకోవడం ఎప్పుడూ జరగలేదు. అమ్మ లేచి నిలబడింది.

"అబ్బా!" అని అన్న చెయ్యి విదిలించుకున్నాడు.

"చెయ్యికి తెలిసింది గద? కాలికెందుకు తెలుస్తలేదు?"

అన్న తన చెయ్యి చూసుకున్నాడు. మడమ చూసుకున్నాడు. తర్వాత నా ఎడమ పాదం వంక, వేళ్లు లేని చోటికి చూశాడు. అతని కండ్లలో భయం వచ్చింది, నేను దవాఖానలో మోసిన భయమే. నేను అనాలనుకున్నవి అనలేదు. అతని మీద కోపం పోయిందని కాదు, ఇప్పటికీ పోలేదు. దానికి అప్పుడు తీరిక లేదు.

కంప దగ్గరికి పోయి, బయట విడిచిన అన్న చెప్పులు తీసి దొడ్డిలోకి విసిరాను. అతని ముందు పడ్డాయి.

"తొడుక్కో. బండెక్కు. పాలమూరు పోదాం."

అన్న కదల్లేదు. మంద మధ్యలో నిలబడి అమ్మ వైపు చూశాడు. అమ్మ కంప దాకా వచ్చింది. నా పాదాన్ని చూసింది, నేల మీది ఎర్రటి మచ్చలను చూసింది.

"తొడుక్కో బిడ్డా" అంది.